సీసం లేని వెలుగు

కరోనా తగ్గి కాలేజీలు మళ్ళీ మామూలుగా నడవడం మొదలైన ఏడాది, జూలై మొదటి వారంలో నాకు ఆ పని అప్పగించారు. అప్పట్లో నేను ఇబ్రహీంపట్నం దగ్గర ఒక ఇంజనీరింగ్ కాలేజీలో కెమిస్ట్రీ లాబ్ సూపరింటెండెంట్‌ని. రిటైర్మెంటుకు ఇంకా పది నెలలుంది. ఈ హోదా గురించి బయటివాళ్ళకు పెద్దగా తెలియదు. ప్రొఫెసర్లు పాఠాలు చెబుతారు, పరిశోధన పత్రాలు రాస్తారు. రసాయనాలు తెప్పించడం, పరికరాలు కాపాడడం, ప్రయోగం కాగితం మీద కాకుండా నిజంగా జరిగేట్టు చూడడం సూపరింటెండెంట్ పని. ప్రయోగం ఫలిస్తే పత్రంలో ప్రొఫెసర్ పేరు పడుతుంది. గాజు పగిలితే రిజిస్టరులో నా పేరు పడుతుంది. ముప్పై ఏళ్ళలో నాకు ఇందులో అన్యాయమేమీ కనిపించలేదు.

మా విభాగాధిపతి డాక్టర్ సత్యప్రసాద్ గారు. మంచి మనిషి, మంచి చదువరి. లాబ్‌లోకి మాత్రం ఏడాదికి రెండుసార్లు వచ్చేవారు, ఒకసారి ఆయుధపూజకు, ఒకసారి తనిఖీకి. ఆయనకు ఒక ప్రాజెక్టు వచ్చింది. పేరు సీసరహిత ద్వంద్వ పెరోవ్‌స్కైట్ తయారీ, ఉపయోగాలు. మొదటి దశ గడువు ముగుస్తోంది. ఆగస్టులో సమీక్ష కమిటీ వస్తుంది. పదార్థం తయారుచేసి, అది వెలుగునిస్తుందని కమిటీ కళ్ళముందు చూపించాలి. చూపించలేకపోతే ప్రాజెక్టుతోపాటు వచ్చిన ఓవెన్, వర్ణపటం తీసే యంత్రం ఇంకో కాలేజీకి వెళ్ళిపోతాయి. అటెండర్ జంగయ్యను హాస్టల్ గేటు దగ్గరికి మార్చే కాగితం ఆఫీసులో అప్పటికే టైపై ఉంది. జంగయ్య నాతోపాటు ముప్పై ఏళ్ళుగా లాబ్‌లో పనిచేస్తున్నవాడు. చేతిలో ఒక్క గాజుకుప్పె పగలని మనిషిని గేటు దగ్గర కుర్చీలో కూర్చోబెట్టడం నాకు నచ్చలేదు.

పెరోవ్‌స్కైట్ అన్నది ఒక ఖనిజం పేరు. అందులో పరమాణువులు అమరినట్టే అమరి ఉండే పదార్థాలన్నిటినీ ఆ పేరుతోనే పిలుస్తారు. ఎండను కరెంటుగా, కరెంటును వెలుగుగా మార్చడంలో ఇవి బాగా పనికొస్తాయని పరిశోధకుల ఆశ. చిక్కేమిటంటే, బాగా పనిచేసేవాటిలో చాలావరకు సీసం ఉంటుంది. సీసం విషం. దాన్ని తీసేసి ఆ స్థానాల్లో వెండిని, ఇండియం అనే లోహాన్ని ఒకటి విడిచి ఒకటి పెడితే ద్వంద్వ పెరోవ్‌స్కైట్ అవుతుంది. రెండు సీసం పరమాణువుల మీద ఉండే విద్యుదావేశం మొత్తం నాలుగు. వెండికి ఒకటి, ఇండియానికి మూడు. మొత్తం సరిపోతుంది.

ఇదంతా జంగయ్యకు చెప్పాను. లాబ్‌లో అందరం ఇంగ్లీషు పేర్లే వాడతాం కనుక లెడ్, సిల్వర్, ఇండియం అనే చెప్పాను. ఆయన కాసేపు ఆలోచించాడు.

"అంటే బస్సుల ఇద్దరు కూసునే సీట్ల మామూలోళ్ళను ఇద్దరిని లేపి, ఒక బక్కోన్ని, ఒక లావటోన్ని కూసోబెట్టినట్టు. గంతేనా మేడం?"

గంతే. ఈ పోలిక తర్వాత సత్యప్రసాద్ గారి పాఠంలో కూడా వినిపించింది, జంగయ్య పేరు లేకుండా.

తయారీ వినడానికి సులువే. సీజియం క్లోరైడు, వెండి క్లోరైడు, ఇండియం క్లోరైడు, కాస్త మామూలు ఉప్పు, చిటికెడు బిస్మత్ క్లోరైడు తూచి, గాఢమైన హైడ్రోక్లోరిక్ ఆమ్లంతో కలిపి టెఫ్లాన్ గిన్నెలో పోయాలి. ఆ గిన్నెను మందపాటి ఉక్కు పాత్రలో పెట్టి మర బిగించాలి. దీన్ని ఆటోక్లేవ్ అంటారు. ప్రెషర్ కుక్కర్‌కు పెద్దన్న లాంటిది, కాకపోతే విజిల్ ఉండదు. నూట ఎనభై డిగ్రీల దగ్గర పన్నెండు గంటలు ఉంచి, ఆ తర్వాత గంటకు మూడు డిగ్రీల చొప్పున యాభై దాకా చల్లార్చాలి. సోమవారం పొద్దున తొమ్మిదికి పెడితే బుధవారం సాయంత్రం నాలుగుకు మూత తీయవచ్చు. తొందరపడితే స్ఫటికాలు సరిగా పెరగవు, వెలుగూ రాదు.

మొదటిసారి పని వెలుగు దాకా వెళ్ళనే లేదు. తప్పు నాదే. వెండి క్లోరైడు మేమే తయారుచేసుకున్నాం. తెల్లటి మెత్తటి ముద్ద. దాన్ని ఆరబెట్టమని జంగయ్యకు చెప్పి ప్రిన్సిపల్ గారి మీటింగుకు వెళ్ళాను. తిరిగొచ్చేసరికి స్టీలు పళ్ళెంలో పలుచగా పరిచి, వడియాల మాదిరి డాబా మీద ఎండలో పెట్టాడు. కాకులు రాకుండా పైన దోమతెర కూడా కప్పాడు. వెండి క్లోరైడుకు వెలుతురు పడితే అది విడిపోయి నల్లబడుతుంది. పాత ఫోటో ఫిల్ములు పనిచేసింది ఆ గుణంతోనే. పళ్ళెంలో నేరేడుపండు రంగు పొడి ఉంది.

"ఆరబెట్టుమన్నరు, ఆరబెట్టిన. ఎండల వద్దని చెప్పిన్రా?" అన్నాడు.

చెప్పలేదు. రెండోసారి గోధుమరంగు సీసాలో, నల్లగుడ్డ చుట్టి, చీకటి అల్మారాలో ఆరబెట్టాం. ఆ బుధవారం నాలుగు గంటలకు మూత తీసి, గిన్నె అడుగున ఉన్న తెల్లటి పలుకులను కడిగి ఆరబెట్టి అతినీలలోహిత దీపం కింద పెడితే, పొడి మొత్తం వెచ్చటి తెలుపుతో వెలిగింది. కిరోసిన్ లాంతరు చిమ్నీ శుభ్రంగా తుడిచాక వచ్చే వెలుగు రంగు. మామూలు ఎల్ఈడీ బల్బుల్లో తెలుపు రావడానికి నీలం వెలుగు మీద పసుపు పొడి పూస్తారు. ఇది ఒక్కటే పొడి, తెలుపంతా అదే ఇస్తుంది. దాని గొప్పతనం అదీ.

ఇంతలో ఆఫీసు నుంచి ఇంకో కాగితం వచ్చింది. సమీక్ష రోజున స్థానిక ప్రజలకు ఈ పరిశోధనను తెలుగులో వివరించే కార్యక్రమం కూడా ఉండాలట. సత్యప్రసాద్ గారు రాసిచ్చిన పేరు ఊపిరి తీసుకోకుండా చదవలేనంత పొడవుంది. ప్రిన్సిపల్ గారు దాన్ని నాకు పంపి, మామూలు మనుషులకు అర్థమయ్యేలా మార్చమన్నారు. నేను మూడు మాటల్లో రాశాను: సీసం లేని వెలుగు. కింద తేదీ, సమయం, అందరూ ఆహ్వానితులే. ఆ కాగితాన్ని బస్టాండ్ దగ్గర ఫ్లెక్సీలు కొట్టే షాపుకు పంపి, మళ్ళీ ఓవెన్ దగ్గర కూర్చున్నాను.

షాపతను చదువుకున్న కుర్రాడు. నా కాగితంలో అక్షరదోషం ఉందనుకున్నాడు. దిద్దాడు. పెద్ద ఎర్ర అక్షరాలతో సీసా లేని వెలుగు అని కొట్టాడు. తర్వాత నిలదీస్తే అతను ఏమాత్రం తగ్గలేదు.

"మందు బందు ఫ్లెక్సీలు మస్తు కొట్టిన మేడం. నాకు ఎరుకలేదా? మీరు సున్న పెట్టిన్రు, నేను సాఫ్ చేసిన."

మైకు కట్టిన ఆటో ఆ ఫ్లెక్సీలో ఉన్నదే చదువుకుంటూ మంచాల వెళ్ళే రోడ్డంతా తిరిగింది. మహిళా సంఘాల పనికి ఊళ్ళలో వెలుగు అన్న మాట పాతకాలం నుంచీ అలవాటు. సీసా లేని వెలుగు అంటే ఏమిటో ఎవరికీ విప్పి చెప్పనక్కర్లేదు. జంగయ్య సొంత చేతులతో ఫ్లెక్సీని సెమినార్ హాలు మెట్ల పైన కట్టాడు. చదివావా అని అడిగితే, చదివాననీ, అది వేరే ఏదో ప్రోగ్రాం అనుకున్నాననీ చెప్పాడు. సత్యప్రసాద్ గారు దాని కిందనుంచి నాలుగుసార్లు నడిచారు. ఆయన తెలుగు ఫ్లెక్సీలు చదవరు. నేనేమో మూడు రోజులుగా లాబ్ వెనక తలుపునుంచే వచ్చిపోతున్నాను.

సమీక్ష రోజు పొద్దున తొమ్మిదిన్నరకు గేటు దగ్గరనుంచి ఫోను. ఆడవాళ్ళు వస్తున్నారు, లోపలికి పంపాలా అని. ఎంతమంది అంటే, ట్రాలీ ఆటోలు మూడు అన్నాడు వాచ్‌మన్. మా ప్రొఫెసర్ల అంచనా ప్రకారం రావలసిన స్థానిక ప్రజలు ఆరుగురు. అందులో ఇద్దరు క్యాంటీన్‌వాళ్ళు.

ముందు నడుస్తున్నావిడ లక్ష్మమ్మ. అరవైకి దగ్గర్లో ఉంటుంది, చెరువుల్లో చేపలు పట్టే కుటుంబం, ఊళ్ళో సంఘానికి చాలాకాలం అధ్యక్షురాలు. పత్తిచేలో కలుపు పని ఆపి అందరినీ తీసుకొచ్చింది. ఖాళీ చేతులతో రాలేదు. నాలుగు గోనెసంచుల నిండా క్వార్టర్ సీసాలు తెచ్చి, హాలు మెట్ల మీద ఫ్లెక్సీ కింద కుమ్మరించారు. ఆ శబ్దానికి లైబ్రరీలోంచి పిల్లలు బయటికొచ్చారు.

"మా ఊర్ల బెల్టుషాపు బందు చేపియ్యాలె. గిన్ని సీసాలు మొన్న ఒక్క ఆయితారం తెల్లారి ఏరినయి. పెద్దసారు ఏడి?" అని అడిగింది నన్ను.

నేను తల ఎత్తి మొదటిసారి ఫ్లెక్సీ చదివాను. ఆ క్షణంలోనే కమిటీ కారు వచ్చి మెట్లముందు ఆగింది.

కమిటీ చైర్మన్ వేరే రాష్ట్రంవారు, తెలుగు రాదు. తెల్లటి చొక్కా, తెల్లటి ప్యాంటు, మాట తక్కువ. కారు దిగి ముందు సీసాల గుట్టను, తర్వాత ఆడవాళ్ళను, చివరికి కెమిస్ట్రీ విభాగం అన్న బోర్డును చూశారు. ఇవన్నీ ఈ విభాగం వాడినవేనా అని సత్యప్రసాద్ గారిని ఇంగ్లీషులో మర్యాదగా అడిగారు. సత్యప్రసాద్ గారు నావైపు చూశారు.

ఆడవాళ్ళను పంపించేయమని ఆయన నా చెవిలో అన్నారు. నేను హాలులోకి తొంగిచూశాను. క్యాంటీన్‌వాళ్ళు ఇద్దరే ఉన్నారు. ప్రజల హాజరు అని కమిటీ ఫారంలో ఒక గడి ఉంది. అదీ కాక, పనులు మానుకుని వచ్చినవాళ్ళను గుమ్మంలోంచి తిప్పి పంపడం నాకు చేతకాదు. లక్ష్మమ్మ దగ్గరికి వెళ్ళి ఉన్నదున్నట్టు చెప్పాను. పొరపాటు జరిగిందక్కా, ఇది మందు మీటింగు కాదు, సీసం అనే లోహం గురించి, అయినా మీ అర్జీ పెద్దసారుకు నేనే ఇప్పిస్తాను, లోపలికొచ్చి మా పొడి ఒకసారి చూసిపోండి అన్నాను.

ఆమె వెనక్కి తిరిగి తనవాళ్ళతో మాట్లాడింది. "లోపట ఫ్యాన్లున్నయా?" అని అడిగింది. ఉన్నాయన్నాను. అందరూ లోపలికొచ్చారు.

బల్ల మీద నల్లగుడ్డ తీయగానే మళ్ళీ కలకలం. వెలుతురు తగలకుండా పొడిని కూడా గోధుమరంగు సీసాలోనే ఉంచాం.

"సీసా లేదంటిరి, బల్ల మీద సీసానే పెట్టిరి," అంది లక్ష్మమ్మ. వెనక వరసలో నవ్వులు. చైర్మన్ గారు అదేమిటని అడిగితే, ప్రేక్షకులు నమూనాను నిల్వచేసిన పాత్ర గురించి సందేహం అడిగారని చెప్పాను. అది అబద్ధం కాదు.

పొడిని గాజుపళ్ళెంలో పోసి, కిటికీలకు నల్లబట్టలు దించి, లైట్లు ఆర్పి, అతినీలలోహిత దీపం వేశాను. పొడి వెలిగింది. బాగా వెలిగింది. కానీ హాలులో ఎవరూ పొడిని చూడడం లేదు. ముందు వరసలో చైర్మన్ గారి చొక్కా, ప్యాంటు నీలం కలిసిన తెలుపుతో ధగధగా మెరుస్తున్నాయి. ముఖం చీకట్లో ఉంది, బట్టలు మాత్రమే కుర్చీలో కూర్చున్నట్టుంది. బట్టల సబ్బుల్లో తెల్లదనం కోసం కలిపే రసాయనాలు ఈ కాంతికి మెరుస్తాయి. ఇది నాకు ముప్పై ఏళ్ళుగా తెలుసు. ఆ పూట గుర్తులేదు.

"సారు అంగీ గూడ ఎలుగుతున్నది. దాంట్ల గూడ సీసం లేదా?" అంది లక్ష్మమ్మ.

దీన్ని చైర్మన్ గారికి చెప్పాలా వద్దా అని నేను తూకం వేస్తుండగానే జంగయ్య ముందుకొచ్చి చెప్పేశాడు. "సాబ్, ఆప్ కా షర్ట్ భీ లైట్ మార్ రా. ఉస్మే భీ సీసం నై క్యా పూఛ్ రై."

చీకట్లో చొక్కా కదిలింది. చైర్మన్ గారు నవ్వుతున్నారు. లేచి వచ్చి బల్ల పక్కన నిలబడి, తన చొక్కా చేతిని పొడి పక్కన పెట్టారు. రెండు వెలుగులకు తేడా ఏమిటో ఆమెనే చెప్పమనండి అన్నారు. లక్ష్మమ్మ వంగి చూసింది. "అంగీ ఎలుగు నీలం కొడ్తున్నది. పొడి ఎలుగు ఇంట్ల పెట్టుకునే దీపం లెక్కున్నది." మా ప్రాజెక్టు నివేదికలో ఇదే సంగతి రెండు పేజీల గ్రాఫులతో ఉంది.

లైట్లు వేశాక అసలు ప్రశ్న వచ్చింది. సీసం ఉంటే ఏమైతది అని ఒకామె అడిగింది. నోట్లోకి పోతే ఒంట్లో పేరుకుంటుందని, మూత్రపిండాలను, నరాలను దెబ్బతీస్తుందని, పిల్లల బుర్ర ఎదగనీయదని చెప్పాను. ఎక్కడుంటదది అంటే, పాత బ్యాటరీల్లో అన్నాను. లక్ష్మమ్మ నవ్వడం ఆపింది.

"వల అంచుకు గుండ్లు కడ్తం. గా సీసమేనా చెల్లె?"

"అవ్ అక్కా, అదే."

"పాత బ్యాటరీలు పలగ్గొట్టి, గంటెల కరగబెట్టి గుండ్లు పోస్తం. దారానికి ఎక్కిచ్చి పండ్లతోని కొరికి బిగిస్తం. ముప్పై ఏండ్ల సంది కొరుకుతున్న నేను."

ఆ గంటె తర్వాత ఏం చేస్తారని అడిగాను.

"కడిగి కూరల పెడ్తం. ఇంకేం జేస్తం?"

ఆమె మాటలు చైర్మన్ గారికి నేనే ఇంగ్లీషులో చెప్పాను. ఆయన రాసుకుంటున్న కలం పక్కన పెట్టారు. అప్పుడు జంగయ్య, నా పక్కనే నిలబడి, మెల్లగా అన్నాడు. "నేను గూడ గట్లనే కొరుకుత మేడం. గది మన లెడ్డేనా?"

జంగయ్యది కూడా చేపలు పట్టే కుటుంబమేనని నాకు తెలుసు. మా లాబ్‌లో లెడ్ నైట్రేట్ డబ్బా మీద పుర్రె బొమ్మ ఉంటుంది. గ్లౌజులు లేకుండా ఆయన దాన్ని ఒక్కనాడూ ముట్టుకోలేదు. పొరపాటున ఎవరైనా కుర్రాళ్ళు ముట్టుకుంటే నాకన్నా ముందు ఆయనే కసిరేవాడు. ఆదివారాలు మాత్రం ఇంటి వాకిట్లో కూర్చుని అదే లోహాన్ని పళ్ళతో కొరికేవాడు. అక్కడ దాని పేరు సీసం, ఇక్కడ లెడ్. రెండూ ఒకటేనని ముప్పై ఏళ్ళలో నేను ఒక్కసారి కూడా చెప్పలేదు. అడగాలని ఆయనకు తోచే అవకాశమే లేదు.

మిగిలిన గంట పెరోవ్‌స్కైట్ ఊసే రాలేదు. గుండ్లు పళ్ళతో కాకుండా కటింగ్ ప్లేయర్‌తో బిగించాలి, కరిగించే గంటెను వంటింట్లోకి రానీయకూడదు, పొగ పీల్చకూడదు, బ్యాటరీలు పగలగొట్టే పనే మానుకోవాలి, చేతులు కడుక్కున్నాకే అన్నం ముట్టాలి. దవాఖానలో రక్తపరీక్ష ఎలా అడగాలో చైర్మన్ గారు చెబుతుంటే జంగయ్య హిందీ నుంచి తెలుగులోకి మార్చాడు. చివర్లో లక్ష్మమ్మ తన అర్జీ తీసింది. చైర్మన్ గారు తనకు ఆ అధికారం లేదని చెప్పి కూడా, రెండు చేతులతో అందుకుని, ముట్టినట్టు సంతకం పెట్టి ప్రతి ఇచ్చారు. ఒక పరమాణు నిర్మాణ సమీక్ష ఫైలులో బెల్టుషాపు మీద ఫిర్యాదు అలా చేరింది. కాలేజీ దాన్ని మండలాఫీసుకు పంపింది. ఆ షాపు బస్సులు ఆగే చోటినుంచి వెనక సందులోకి మారిందని తర్వాత విన్నాను.

ప్రాజెక్టుకు రెండో దశ మంజూరైంది. నివేదికలో పదార్థం నాణ్యత గురించి నాలుగు వాక్యాలు, ప్రజల భాగస్వామ్యం గురించి పన్నెండు వాక్యాలు ఉన్నాయి. సత్యప్రసాద్ గారు ఆ పన్నెండింటినీ ప్రిన్సిపల్ గారికి చదివి వినిపించారు. జంగయ్య లాబ్‌లోనే ఉండిపోయాడు. పై వారం మేమిద్దరం విభాగంలో పక్కన పడేసిన ప్లేయర్లు బాగుచేయించి లక్ష్మమ్మ ఊరికి తీసుకెళ్ళాం. ఆమె నా ఎదురుగానే ఒక గుండు బిగించి చూసి, పండ్లయితేనే పట్టు బాగుంటుందని, అయినా ఇకమీదట కొరకననీ చెప్పింది. పాత గంటెను మాత్రం పారేయనంది. దానికి రంధ్రం పొడిచి గోడకు మేకు కొట్టింది, కూరలోకి పనికిరాకుండా. జంగయ్య రక్తపరీక్షలో సీసం ఉండాల్సినదానికన్నా ఎక్కువే వచ్చింది. పళ్ళతో కొరకడం మానాక ఆరు నెలలకు తగ్గింది. కాగితం తెచ్చి నాకు చూపించి, తిరిగి జేబులో పెట్టుకున్నాడు.

ఆ ఉదంతం నుంచి నేను గ్రహించింది పనికి సంబంధించినదే. హెచ్చరిక అన్నది డబ్బా మీద కాదు, మనిషి ఇంట్లో వాడే మాటలో ఉండాలి. మిగిలిన తొమ్మిది నెలల్లో లాబ్‌లోని ప్రతి డబ్బా మీద ఇంగ్లీషు పేరు కింద ఇళ్ళలో వాడే పేరు కూడా రాయించాను. లెడ్ నైట్రేట్ డబ్బా మీద, పుర్రె బొమ్మ పక్కన, వల గుండ్ల సీసం అని ఉంటుంది. తనిఖీకి వచ్చినవాళ్ళు అది నిబంధనల్లో లేదని రెండుసార్లు రాశారు. రెండుసార్లూ చదివి, ఫైలులో పెట్టాను.